తీరిక లేని చేతులు

పొద్దున్న ఆరింటికి కుండ ముందు కూర్చున్న మాణిక్యం మధ్యాహ్నం పన్నెండైనా నడుం ఎత్తలేదు. గురువారానికి రావులపాలెం పెళ్ళివారికి నాలుగు వేల పూతరేకులు అందాలి. ఇవాళ మంగళవారం. పద్మావతిగారి పెరటి షెడ్డులో ఐదు కుండల కింద ఎండు కొబ్బరాకు భగభగా మండుతోంది. పల్చటి బియ్యప్పాలలో గుడ్డ ముంచాలి, బోర్లించిన కుండ వీపు మీద ఒక్క లాగు లాగాలి, రెప్పపాటులో పొర కట్టిన రేకుని చిరక్కుండా ఎత్తాలి. మంట ఎక్కువైతే రేకు మాడుతుంది, తగ్గితే కుండని వదలదు. అందుకని ఒక చెయ్యి గుడ్డ మీద, ఒక చెయ్యి కొబ్బరాకు మీద. రెండింటికీ తీరిక ఉండదు.

నోటికి మాత్రం బోలెడు తీరిక. ఎవరి కోడలు అలిగి పుట్టింటికి వెళ్ళిందో, ఎవరింట్లో గేదె ఈనిందో, అన్నీ ఆ షెడ్డులోనే తేలేవి. నాలుగు కుండల దగ్గర నాలుగు నోళ్ళు ఆడుతుంటే, ఐదో కుండ దగ్గర ఏ సందడీ లేదు. అక్కడ కూర్చున్నది మాణిక్యం కూతురు సూర్యావతి. పంతొమ్మిదేళ్ళది, పుట్టుచెవిటిది. ఆ పిల్ల ఒక మాట చెప్పాలంటే చేతులు కావాలి. ఆ చేతులు పొద్దుటి నుంచి సాయంత్రం దాకా కుండకి అంకితం. అంటే పన్నెండు గంటలసేపు ఆ పిల్ల నోరు కట్టేసినట్టే. ఈ సంగతి ఊళ్ళో ఎవరికీ తట్టలేదు, కన్నతల్లికి కూడా తట్టలేదు.

పైగా పద్మావతిగారు ఆ పిల్ల కుండని గోడవైపుకి తిప్పించింది. పక్కచూపులు లేకపోతే చెయ్యి నిలకడగా ఉంటుందని ఆవిడ నమ్మకం. వినపడని పిల్లని గోడకి ముఖం పెట్టి కూర్చోబెడితే దానికి లోకంలో ఏం మిగులుతుందో క్షణం ఆలోచిస్తే తెలిసేదే. ఆలోచించే తీరిక ఎవరికుంది? సూర్యావతి రేకు ఎత్తి పట్టుకుంటే అవతలి వెలుగు కనపడేది. అంత పల్చన. అయినా వంద రేకులకి మిగతావాళ్ళకి రెండు రూపాయలిస్తే, సూర్యావతికి రూపాయిన్నర. ఎందుకని అడిగిన వాళ్ళు లేరు. "చెవిటిదానికి పని చూపించేరు, అదే పదివేలు" అని మాణిక్యమే నలుగురితో అనేది.

అనక ఏం చేస్తుంది? ఆరేళ్ళ కిందట మొగుడు శ్రీరాములు పద్మావతిగారి తోటలోనే దింపు తీస్తూ కొబ్బరిచెట్టు మీంచి పడి చనిపోయాడు. ఆ తరవాత ఆవిడ దయ తలిచి దొడ్లో ఒక మూల పాక వేసుకోనిచ్చింది. అద్దె అడగలేదు. అద్దె అడగని వాళ్ళ ముందు నోరెత్తడం ఎంత కష్టమో అలా ఉన్నవాళ్ళకే తెలుసు.

శ్రీరాములు బతికుండగా సూర్యావతి పట్నంలో చెవిటిపిల్లల బడిలో ఐదేళ్ళు చదివింది. అక్కడ పంతులమ్మ పిల్లల్ని అద్దం ముందు కూర్చోబెట్టి, తన గొంతు మీద చెయ్యి వేయించి, ఒక్కొక్క అక్షరం పలికించేది. మొదటి వేసవి సెలవులకి పిల్లని తీసుకురావడానికి వెళ్ళిన మాణిక్యానికి ఆవిడ గట్టిగా చెప్పింది.

"ఇంటి దగ్గర సైగలు చెయ్యనివ్వకండమ్మా. చేతులకి అలవాటు పడిందంటే ఇంక నోరు తెరవదు. చెయ్యి లేపినప్పుడల్లా ఒకటెయ్యండి, తప్పులేదు."

ఆ పంతులమ్మ చెడ్డదేం కాదు. ఆవిడకి నేర్పినవాళ్ళు అలాగే నేర్పారు. మాణిక్యమూ చెడ్డది కాదు. పిల్లకి మాట రావాలన్న ఆశతో, పాపం, చెప్పింది చెప్పినట్టు చేసింది. బస్సు దిగుతూనే బడి కబుర్లన్నీ చేతులతో చెప్పబోయిన తొమ్మిదేళ్ళ పిల్లని చేతుల మీద కొట్టింది. ఆ వేసవంతా కొట్టింది. మరుసటేటికి పిల్ల చేతులు లేపడం మానేసింది. అలాగని నోరూ రాలేదు. అమ్మ, అన్నం, నీళ్ళు అన్న మూడు మాటలు, అవీ తల్లికి తప్ప ఇంకొకరికి తెలీనట్టు. ఎదుటివాళ్ళ పెదాలు చూసి మాట పట్టుకోవడం, కాస్త రాయడం, చదవడం మాత్రం వచ్చాయి. తండ్రి పోయాక ఐదో తరగతితో ఆ చదువూ ఆగిపోయింది. బావి దగ్గరా, బట్టలుతుక్కునే దగ్గరా పంతులమ్మ వీపు తిప్పితే చాలు, ఆ బడిలో పిల్లలందరూ చేతులతోనే లోకాన్ని ఏకరువు పెట్టుకునేవారన్న సంగతి మాణిక్యానికి ఎవరూ చెప్పలేదు.

ఆ పన్నెండింటి వేళ ఎవరో పిల్ల పెరటి తలుపు తోసుకుని లోపలికొచ్చింది. ఇరవై ఏళ్ళుంటాయి. వాయిలు చీర, భుజాన సంచి, చేతికి గడియారం.

"ఎవరు కావాలమ్మా?" అంది మాణిక్యం.

ఆ పిల్ల తన చెవి చూపించి, వినపడదన్నట్టు చెయ్యి ఊపింది. తరవాత గోడవైపు తిరిగి ఉన్న వీపుని గుర్తుపట్టి, గబగబా వెళ్ళి భుజం మీద చెయ్యి వేసింది.

సూర్యావతి తల తిప్పింది. చూసింది. గుడ్డ వదిలేసి లేచి నిలబడింది. చేతులకి అంటిన పిండి పావడాకి తుడుచుకుని మొదలుపెట్టింది.

మాణిక్యం అలాగే చూస్తూ ఉండిపోయింది. ఈ చేతులు ఇంత వేగంగా కదులుతాయా? ముఖం చిట్లించి ఎవరినో వెక్కిరిస్తోంది. బుగ్గలు పూరించి, పొట్ట ముందుకు పెట్టి నడిచి చూపిస్తే అవతలి పిల్ల పడీపడీ నవ్వింది. ఒకరు చెబుతుండగానే మధ్యలో ఇంకొకరు అందుకుంటున్నారు. సూర్యావతి గొంతులోంచి కీచుమని నవ్వు వచ్చింది, ఎవరేమనుకుంటారో అన్న జంకు లేని నవ్వు. తన కూతురు మందకొడి మనిషనీ, మెత్తనిదనీ, మనసులో ఏమీ ఉండదనీ అనుకుంటూ వచ్చింది మాణిక్యం. ఇది ఒట్టి వాగుడుకాయ. ఈ మాటలన్నీ ఇన్నేళ్ళూ ఎక్కడ దాచుకుందో. మాణిక్యానికి సంతోషం వెయ్యలేదు, తనతో ఒక్కటీ చెప్పలేదే అనిపించింది.

"అయ్‌బాబోయ్, మన సూరీడేనా ఇది," అంది పక్క కుండ దగ్గర ఆదిలక్ష్మి.

ఆ నవ్వు విని పద్మావతిగారు వంటింట్లోంచి వచ్చింది.

"ఏంటే మాణిక్యం, కుండ ఊరికే మండుతుంటే చూస్తా కూర్చున్నావా? ఎవరే ఈ పిల్ల?"

"మా పిల్లతోటి చదూకుందనుకుంటానండి. నాకూ సరిగ్గా తెలీదండి."

వచ్చిన పిల్లకి ఆవిడ ముఖం చూస్తే సంగతి అర్థమైనట్టుంది. సంచిలోంచి కాయితం, పెన్సిలు తీసి గబగబా రాసి మాణిక్యం చేతిలో పెట్టింది. మాణిక్యం దాన్ని అటు తిప్పి ఇటు తిప్పి పద్మావతిగారికి అందించింది. ఉత్తరమొచ్చినా, రేషను కార్డొచ్చినా ఆ ఇంట్లో చదివిపెట్టేది ఆవిడే.

"కాత్త చదివి పెట్టండమ్మగారూ."

చీటీలో ఉన్నది మాణిక్యానికి తెలీదు గానీ, చదివేవాళ్ళకి తెలియాలి. అందులో ఇలా ఉంది: "నా పేరు ఇందిర. నేను రాజమండ్రిలో అచ్చాఫీసులో అక్షరాలు పేర్చే పని చేస్తున్నాను. మేము ముగ్గురం చెవిటి అమ్మాయిలం. ఒక గది తీసుకుని ఉంటున్నాం. ఇప్పుడు ఒక పని ఖాళీ ఉంది. నెలకు నూట యాభై. సాయంత్రం మా లాంటి వాళ్ళకు చదువు చెబుతారు. అక్కడ అందరూ చేతులతో మాట్లాడతారు. ఏడో తరగతి పరీక్ష రాయవచ్చు. రేపు పొద్దున్న లోపల చేరకపోతే వేరేవాళ్ళకు ఇస్తారు. సూర్యావతి వస్తానంది. మీరు పంపండి. రెండు గంటలకు బస్సు."

పద్మావతిగారు రెండుసార్లు చదివింది. ఆవిడ రాక్షసి కాదు. నాలుగు వేలలో పదహారు వందల రేకులు ఆ గోడ దగ్గరి కుండ మీంచే రావాలని, ఇవాళ ఈ పిల్ల పోతే పెళ్ళివారి ముందు మాట పోతుందని ఆవిడకి తెలుసు. అంతకు మించి ఆలోచించలేదు. కాయితం మడిచి గుప్పిట్లో పెట్టుకుంది.

"ఏం లేదే. అప్పనపల్లి గుడికెళ్ళి వస్తా, దారిలో ఒకసారి చూసెళ్దామని దిగిందంట. రెండింటి బస్సుకి వెళ్ళిపోతానంటోంది. ఇంత అన్నం పెట్టి పంపించు. నీ కూతుర్ని కుండ దగ్గర కూర్చోమను."

ఇందిర అప్పటికే షెడ్డు బయట కడవలో నీళ్ళు ముంచుకు తాగుతోంది. సూర్యావతి మాత్రం కదలకుండా పద్మావతిగారి పెదాలవైపే చూస్తోంది. ఆవిడ మాట పూర్తవుతూనే అడ్డంగా తలూపింది. ముందుకొచ్చి ఆవిడ గుప్పిటని వేలితో పొడిచింది. తల్లివైపు తిరిగి చేతులతో ఏదో చెప్పింది. మళ్ళీ చెప్పింది. మాణిక్యానికి ఒక్క ముక్కా అందలేదు.

"దానికేం తెలుస్తుందే, చెవిటిమాలోకం," అంది పద్మావతిగారు. "పొద్దుపోతోంది, కూర్చోమన్నానా."

చదువుకున్న మనిషి, నిలవడానికి నీడ ఇచ్చిన మనిషి, కాయితంలో ఉన్నది ఇదీ అంటోంది. నోరులేని పిల్ల కాదంటోంది. ఎవరి మాట నమ్మాలన్నది మాణిక్యానికి ప్రశ్నగానే తోచలేదు. అలవాటు చొప్పున వేలు కిందికి చూపించింది, కూర్చో అని. సూర్యావతి తల్లి ముఖంలోకి కాసేపు చూసింది. తరవాత వెళ్ళి గోడవైపు తిరిగి కూర్చుని గుడ్డ ముంచింది. మాణిక్యం కూడా తన కుండ దగ్గరికి వెళ్ళి, ఎడంచేత్తో ఆకు ఎగదోసి, కుడిచేత్తో గుడ్డ తీసుకుంది.

నీళ్ళు తాగొచ్చిన ఇందిరకి జరిగిందేమీ తెలీదు. చీటీ చదివారు, అంతా కుదిరిపోయిందనుకుంది. గడియారం చూసుకుని, పాక ముందు దండెం మీదున్న సూర్యావతి ఓణీలు రెండూ, జాకెట్టూ తీసి, తీరిగ్గా మడతలు పెట్టి, తన సంచిలో సర్దుకోవడం మొదలుపెట్టింది.

మాణిక్యం చేతిలో గుడ్డ ఆగిపోయింది. చూసి పోదామని వచ్చిన మనిషి ఎదుటివాళ్ళ బట్టలు ఎందుకు సర్దుతుంది? కూతురు ఎందుకు అడ్డంగా తలూపిందో, ఎందుకు గుప్పిట పొడిచిందో ఒక్కొక్కటే తెలిసొచ్చింది. తనని ఎంత తేలిగ్గా నమ్మించారో కూడా తెలిసొచ్చింది. సిగ్గేసింది. అంతకన్నా ఎక్కువగా, ఈ పిల్ల పోతే తనకెవరున్నారన్న భయం వేసింది. పాకలో ఒంటరిగా ఎలా ఉండటం? అసలు పాక ఉంటుందా? ఆ భయంతోనే లేచింది. తడిగుడ్డ చేతిలోనే ఉండిపోయింది.

"ఆ కాయితం ఓసారి ఇయ్యండమ్మగారూ."

"ఎందుకే? చదివేను కదా."

"చదివేరండి. ఇంకొకళ్ళ చేత కూడా చదివించుకుంటానండి."

మిగతా ముగ్గురూ కుండల మీంచి తలలెత్తి చూశారు.

"అంటే నేను అబద్ధమాడేననా నీ ఉద్దేశం?"

"నేనేం అన్లేదండి. ఆ పిల్ల నాకిచ్చింది కదండి కాయితం."

"ఎవరి దొడ్లో ఉంటున్నావో గుర్తుందా?"

"ఆయ్. గుర్తుందండి."

పద్మావతిగారు గుప్పిట తెరవలేదు. "గురువారం సరుకు వెళ్ళాక ఇస్తాను. ముందు కుండ దగ్గరికి పో. నీ కుండ చల్లారిపోతోంది."

గురువారం దాకా రెండింటి బస్సూ ఆగదు, ఆ ఖాళీ ఉద్యోగమూ ఆగదు. ఆ లెక్క మాణిక్యానికి తెలీదు. అయినా కుండ దగ్గరికి వెళ్ళలేదు. కూతురి దగ్గరికి వెళ్ళి, భుజం పట్టుకుని తనవైపు తిప్పుకుని, ఎదురుగా చతికిలబడింది. పంతొమ్మిదేళ్ళలో ఈ పిల్లని తిను, పడుకో, పనికి పద అనడమే గానీ, నీకేం కావాలని అడిగిన గుర్తు లేదు. అడగడం ఎలాగో కూడా తెలీదు. ఖాళీగా ఉన్న చెయ్యి లేపింది. కూతుర్ని చూపించింది. ఇందిరని చూపించింది. రోడ్డువైపు చూపించి, కనుబొమలెగరేసింది. వెళ్తావా?

సూర్యావతి గుడ్డ కింద పెట్టింది. తల్లి ముఖం చూసింది, చెయ్యి చూసింది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అలా కాదన్నట్టు తల్లి మణికట్టు పట్టుకుని, చూపుడువేలు కాస్త వంచి, అరచెయ్యి తనవైపుకి తిప్పింది. తరవాత, ఆ మాటకి రెండు చేతులూ కావాలన్నట్టు, రెండో చెయ్యి కూడా ఇమ్మని తన చెయ్యి చాచింది.

"మాణిక్యం, పిలుస్తుంటే నిన్నే," అంటోంది వెనక నుంచి పద్మావతిగారు.

రెండో చేతిలో గుడ్డ ఉంది. దానిలోంచి బియ్యప్పాలు చుక్కచుక్కగా నేలమీద పడుతున్నాయి. మాణిక్యం గుడ్డని పక్కన పడేసి, ఆ చెయ్యి కూడా కూతురికిచ్చింది.