గాటు పడని మాడ

అంజనప్ప ఉలి అంచును బొటనవేలి గోటికి ఆనించి చూసుకున్నాడు. పదును సరిపోయింది. ఎదురుగా గొంతుక్కూర్చున్న రైతు అరచెయ్యి చాచాడు. అందులో నడుమ గుండ్రటి చిల్లున్న కొత్త కానీ ఒకటి ఉంది. యుద్ధం పుణ్యమా అని రాగి చాలక సర్కారు ఆ ఏడే ఈ చిల్లు కానీలను వదిలింది.

“మా యమ్మకప్పా. కోడి కూసే యాళకు పోయింది. మాడకు గాటు పెట్టియ్యి,” అన్నాడు రైతు.

“దీనికి ముందే బొక్క ఉండాది గదప్పా.”

“అది సర్కారోళ్ళు పెట్టిన బొక్క. మనం పెట్టింది గాదు. మా యమ్మ ఊరుకోదు.”

ఊరుకోదని అంజనప్పకూ తెలుసు. బతికుండగా ఆవిడ చింతపండు బేరమాడిన తీరు పుంగనూరు బజారంతా ఎరుగును. అతను నవ్వు దాచుకుని కానీని పట్టెడ మీద, అంటే ముందున్న చిన్న ఇనుప దిమ్మె మీద పెట్టాడు. ఉలి ఆనించి సుత్తితో ఒక్క దెబ్బ వేశాడు. చిల్లు పక్కన సన్నటి గాటు పడింది. కూలి అతను అడగలేదు, రైతు ఇవ్వనూ లేదు. ఈ ఒక్క పనికి అతను ఎప్పుడూ కూలి పుచ్చుకోడు.

ఆ చుట్టుపక్కల కొన్ని పల్లెల్లో మనిషిని పూడ్చే ముందు నోట్లో ఒక నాణెం పెడతారు. దాన్ని మాడ అంటారు. రాగిదైనా వెండిదైనా ఆ నోట్లోకి పోయేదంతా మాడే. అయితే ముందుగా దానికి గాటు పెట్టాలి. గాటు పడితే అది బతికున్నవాళ్ళ బజారులో చెల్లదు, పోయినవాళ్ళ దారిలో చెల్లుతుంది. గాటు పడని నాణెంతో పోయిన మనిషి ఆ దారి పట్టలేక పొలిమేరలోనే నిలబడిపోతాడని వాళ్ళ నమ్మకం.

రాజుల కాలంలో మాడ అంటే బంగారు నాణెమనీ, వరహాలో సగమనీ అంజనప్ప తండ్రి చెప్పేవాడు. గుడికి దీపానికిన్ని మాడలని రాళ్ళ మీద చెక్కించేవారట. నాణెం మూలబడ్డాక పేరు తూకానికి మిగిలింది, కంసాలులు మాడెత్తు బంగారం అనేవారు. తులాలొచ్చి ఆ తూకమూ పోయాక ఆడవాళ్ళ మెడలో బిళ్ళకు మిగిలింది. చివరికి ఎక్కడా చోటు దొరకనట్టు శవం నోటికి చేరింది. అందుకే అంజనప్ప పనిచేసే బంగారం అంగట్లో, యజమాని రామచంద్రప్ప ఉండగా ఆ మాట ఎవరూ పైకి అనరు. పాత నగలు అమ్మవచ్చిన ఆడవాళ్ళు కూడా అర వరహా అనే అంటారు. పొరపాటున ఎవరైనా మాడ అంటే రామచంద్రప్ప వెంటనే లేచి గల్లాపెట్టె మీద పసుపు నీళ్ళు చల్లుకుంటాడు.

ఆ అంగట్లో అంజనప్ప ముప్పై ఆరేళ్ళుగా కుంపటి ముందు కూర్చుంటున్నాడు. కరగబెట్టడానికి వచ్చిన ప్రతి నాణేనికీ గాటు పెట్టి లోపల ఉన్నది బంగారమో, పైపూత కింద రాగో తేల్చడం అతని పని. నిప్పు సెగకు కనుబొమలు ఎప్పుడో కాలిపోయాయి, మళ్ళీ మొలవలేదు. వీపు వంగింది. ఎడమచేతి చూపుడువేలు మీద ఉలి జారిన మచ్చలు తెల్లగా వరసకట్టి ఉంటాయి. మనిషి ఎదురుగా ఉన్నా ఎవరి కంటికీ ఆనడు. రామచంద్రప్ప కూతురి పెళ్ళిలో వడ్డించేవాళ్ళు అతని విస్తరి దగ్గర ఆగకుండా రెండుసార్లు దాటిపోయారు. అతను చెయ్యెత్తి పిలవలేదు, మంచినీళ్ళు తాగి లేచి వచ్చేశాడు.

ఇంట్లోనూ ఒక్కడేనని ఊరనుకుంటుంది. అంజనప్ప అలా అనుకోడు. భార్య ముత్యాలమ్మ పోయి ఇరవై రెండేళ్ళు. కుప్పం పిల్ల, సగం అరవం సగం తెలుగు మాట్లాడేది. కలరాలో ఒక్క పగటిపూట పోయింది. అప్పటికి ఆమెకు ఇరవై ఎనిమిది. పోయిన పదమూడోనాటి నుంచి అతను పొద్దున లేచేసరికి పొయ్యిలో బూడిద ఎత్తి ఉంటోంది. నీళ్ళకుండ మూత బోర్లించి ఉంటోంది, కుప్పం వైపు ఆడవాళ్ళు పెట్టే పద్ధతిలో. అతను ఎవరికీ చెప్పలేదు. చెబితే పోగొడతారని భయం. అంగడి మూశాక ఇంటికి వెళ్ళే ఆ కాస్త దారే అతనికి రోజంతటిలో సంతోషం. తలుపు తెరిచి, చీకటి గదిలోకి “వచ్చినా” అని ఒక మాటంటాడు. ఇరవై రెండేళ్ళుగా ఆ మాట మానలేదు.

ఆ రోజు రామచంద్రప్ప బొగ్గు బస్సెక్కి మదనపల్లెకు వెళ్ళాడు. పెట్రోలు దొరక్క వెనక బొగ్గుల పొయ్యి కట్టుకుని తిరిగే ఆ బస్సు రాను పోను ఏ వేళవుతుందో దేవుడికే తెలియాలి. రేపే వస్తానని తాళాలు అంజనప్పకు ఇచ్చి పోయాడు. ఎండ నడినెత్తికి వచ్చే వేళకు గంగులమ్మ వచ్చింది. చౌడేపల్లె దోవలో పొలిమేరన పారే వంక అవతల గేదెల్ని మేపుకుంటూ, బజారులో పెరుగు పోసే మనిషి. పెరుగు దుత్త దించి, కొంగుముడి విప్పి, ఏదో తీసి పట్టెడ మీద పెట్టింది. సెనగబద్దకంటే కాస్త పెద్దది. బంగారం.

“దీనికి గాటు పెట్టాలంటప్పా.”

“యాడిది?”

“తెల్లారి గేదెల్ని తోలుకోని వంక దాటతాండానా, ఆడ రాళ్ళకాడ ఒకామె నిలబడుకోని ఉండాది. ముప్పై ఏండ్లు గూడా ఉండవు. ఇది నా చేతిలో పెట్టి, కరగబెట్టద్దు, గాటు పెట్టిచ్చి ఈడికే తెచ్చియ్యి అనింది. పేరడిగితే చెప్పల్యా.”

అంజనప్ప నాణేన్ని చేతిలోకి తీసుకున్నాడు. ఎండలో ఊరంతా తిరిగొచ్చిన కొంగుముడిలో ఉన్నది వెచ్చగా ఉండాలి. చల్లగా ఉంది, రాత్రంతా మట్టిలో ఉన్నట్టు. అంచు మీద వేలు పోనిచ్చాడు. ఒకచోట వేలికి చిన్న గరుకు తగిలింది. మెడలో వేసుకోవడానికి అతికిన కొక్కెం ఊడదీసిన గుర్తు అది. ఆ కొక్కెం అతికిందీ ఊడదీసిందీ అతనే. నాణేన్ని వెనక్కి తిప్పి చూశాడు. ఎక్కడా గాటు లేదు.

“ఏ భాష మాట్లాడింది?” అన్నాడు.

“తెలుగే. రోంత అరవం కలిసి ఉండాది. కుప్పం పక్క మనిషేమో.” గంగులమ్మ గడప దగ్గర కూర్చుంది. “నిజం చెప్పాలంటే, బంగారం కదా, కరగబెట్టి నేనే ఉంచుకుందామనుకుంటి. ఆ యమ్మ కండ్లు గుర్తొచ్చి చేతులు రాల్యా. తడి వంకలో నిలబడుకోని ఉండాది, కాళ్ళు సూస్తే పొడిగా ఉండాయి.”

“ఇంగేమనింది?”

“అంగట్లో ఉండే ముసలాయప్పకు ఒక మాట చెప్పమనింది. అదేందో నాకు అర్థం కాల్యా. ఆయప్ప మర్చిపోలేదు, సుత్తి పట్టెడ మీద కొట్టినాడు, నా దాని మీద కొట్టల్యా, అనింది. ఎన్నాళ్ళని నిలబడుకోను, కాళ్ళు పీకతాండాయి అని చెప్పు, అనింది.”

ముత్యాలమ్మ పోయిననాడు శవాన్ని వాకిట్లో పడుకోబెట్టి, గాటు పెట్టి తెమ్మని పెద్దలు అంజనప్పను లోపలికి పంపారు. ఊరందరి మాడలకూ గాటు పెట్టే మనిషికి ఆమె మెడలోని ఆ ఒక్కదాని మీద చెయ్యి రాలేదు. ఉలిని పక్కకు తప్పించి ఖాళీ పట్టెడ మీద సుత్తితో కొట్టాడు. వాకిట్లోవాళ్ళకు చప్పుడు వినబడింది, గాటు పడిందనుకున్నారు. ఎవరూ విప్పి చూడలేదు. ఆ గదిలో అతను తప్ప మరో మనిషి లేడు. పోనివ్వకుండా ఉంచుకోవాలనే ఆ పని చేశాడు. ఉంచుకున్నాడు కూడా. ఆమె ఇన్నేళ్ళూ ఇంట్లో కూర్చుని ఉందనుకున్నాడు గానీ, పొలిమేరలో నిలబడి ఉందని ఒక్కనాడూ తట్టలేదు.

“పెట్టి నేనే తీసకపోతా. నువ్వు పోమ్మా,” అన్నాడు.

“నిన్ను ఆ యమ్మ ఎరుగునా?”

“ఎరుగును.”

గంగులమ్మ దుత్త ఎత్తుకుని రెండడుగులు వేసి, వెనక్కి తిరిగి అతని మొహంలోకి చూసింది. దుత్త సర్దుకుని వెళ్ళిపోయింది.

అతను తలుపు ఓరగా వేశాడు. మాడను పట్టెడ మీద పెట్టి ఉలి ఆనించాడు. సుత్తి ఎత్తాడు. ఇది పడితే రేపు పొద్దున పొయ్యిలో బూడిద అలాగే ఉంటుంది. కుండ మూత ఎలా పెట్టింది అలాగే ఉంటుంది. “వచ్చినా” అనడానికి అవతల ఎవరూ ఉండరు. చెయ్యి దానంతటదే పక్కకు జరిగింది. సుత్తి ఇనుము మీద ఖణేలుమంది. ఇరవై రెండేళ్ళ కిందటి చప్పుడే.

గది మూల నుంచి ఎవరో నిట్టూర్చారు. చిన్నగా, విసుగు లేకుండా, రోజంతా నిలబడి పనిచేసిన ఆడమనిషి గోడకు చేరగిలబడేటప్పుడు విడిచే ఊపిరి అది. అంజనప్ప ఆ వైపు తిరగలేదు. తిరిగితే మళ్ళీ చెయ్యి రాదని అతనికి తెలుసు.

“పెడతాండాను. ఉండు,” అన్నాడు.

ఈసారి ఉలిని గట్టిగా అదిమి పట్టుకున్నాడు. దెబ్బ మెత్తగా పడింది. మేలిమి బంగారం, ఎక్కువ చప్పుడు చెయ్యలేదు. ఆ అంచు నుంచి ఈ అంచు దాకా గాటు తిన్నగా దిగింది. కుంపట్లో ఎర్రగా ఉన్న నిప్పులు ఎవరూ నీళ్ళు చల్లకుండానే నల్లబడ్డాయి. గది మూల ఖాళీ అయిందని వీపుకు తెలిసింది. అతను మోకాళ్ళ మీద తల పెట్టుకుని ఏడ్చాడు. పెళ్ళాం పోయిన నాడు రాని ఏడుపు అది.

మూడు గంటలకు అంగడికి తాళం వేశాడు. ముప్పై ఆరేళ్ళలో పొద్దుండగా తాళం వెయ్యడం అదే మొదలు. ఎదురంగడి శెట్టికి తాళాలిచ్చి, రామచంద్రప్పకు ఇమ్మన్నాడు. బజారు చివర పూలమ్మే నాగమ్మ ముందు ఆగి, ఎలా అడగాలో తెలియక కాసేపు నిలబడ్డాడు. పెళ్ళాం బతికున్నన్నాళ్ళూ పూలు ఆమే కొనుక్కునేది.

“ఏం గావాలప్పా?”

“కనకాంబరాలు. రెండు మూరలు.”

“ఎవరికి?” నాగమ్మ నవ్వింది. “ఈ వయసులో ఎవర్నన్నా తెచ్చుకుంటివా యేంది?”

“ఇంటామెకు,” అన్నాడు అంజనప్ప.

నాగమ్మ నవ్వు ఆగిపోయింది. అరిటాకు ముక్కలో పూలు చుట్టి, నారతో కట్టి చేతికిచ్చింది. ఇచ్చిన డబ్బు సరిపోయిందో లేదో కూడా చూసుకోలేదు. వెళ్ళే మనిషి వీపునే చూస్తూ కూర్చుంది.

వంక దగ్గర పూడ్చినచోట్లకు ఎవరూ పేర్లు రాయరు. రాళ్ళు పేర్చి వదిలేస్తారు. తన రాళ్ళు ఏవో అంజనప్పకు తెలుసు. వాటి పక్కన నేలలో వేలు పట్టేంత కన్నం ఒకటి నిట్టనిలువుగా కిందికి దిగి ఉంది. చుట్టూ చీమలు తోడిన మట్టి లేదు, ఎలుక గోళ్ళ గీరలు లేవు. అంచులు నున్నగా ఉన్నాయి. అతను గొంతుక్కూర్చుని మాడను అందులో వదిలాడు. కింద తగిలిన చప్పుడు వస్తుందని చెవి పెట్టి విన్నాడు. రాలేదు. మధ్యలోనే అందుకున్నట్టుంది.

“ఇంగ పో,” అన్నాడు. రాళ్ళ మీద చెయ్యి ఆనించి, “నేను గూడా అలిసిపోయినా,” అన్నాడు.

గాలి లేదు. వంకలో నీళ్ళు పారుతున్నా చప్పుడు వినిపించడం మానేసింది. అతను పూలపొట్లం పక్కన పెట్టుకుని రాళ్ళకు చేరగిలబడ్డాడు. చాలా ఏళ్ళ తర్వాత వీపు నొప్పి తెలియలేదు. ఎవరో వచ్చి పక్కన కూర్చున్నట్టయితే, చోటిద్దామని కాస్త జరిగాడు. ఆ జరగడమే ఆఖరు.

పొద్దు వాలుతుండగా గంగులమ్మ గేదెల్ని తోలుకుంటూ ఆ దారినే వచ్చింది. గేదెలు వంకలో దిగకుండా వరసగా నిలబడిపోయాయి. అదిలించి చూస్తే రాళ్ళ దగ్గర అంజనప్ప కూర్చుని ఉన్నాడు, ఒక పక్కకు ఒరిగి, ఇంకొకరికి చోటు వదిలినట్టు. పిలిచింది. భుజం తట్టింది. మనిషి చల్లబడ్డాడు. మొహంలో బాధేమీ లేదు.

ఆమె కేకలకు చేలల్లోవాళ్ళు వచ్చారు. అతన్ని ఎత్తి పక్కకు పడుకోబెడితే, రాళ్ళ వార నేల ఎక్కడా కన్నం లేకుండా చదునుగా ఉంది. అతను వదిలిన ఖాళీ చోట అరిటాకు ముక్క కనిపించింది. నార ముడి తెంపలేదు, వేళ్ళతో ఓపిగ్గా విప్పి ఉంది. పూలు లేవు. మేకలు తిన్నాయందామంటే అవి ముందు ఆకునే తినేవి. ఆకు మాత్రం పచ్చగా, లోపలి వైపు ఇంకా తడితడిగా ఉంది.