చెల్లెలి పెన్‌డ్రైవ్

...మొండితనమనే అనుకున్నాడు మరి, ఇంకేమనుకుంటాడు? స్టూడియో అంతా కొత్త సాఫ్ట్‌వేర్‌కి మారినా, చెల్లెలు మాత్రం పదిహేనేళ్ల నాటి యానిమేషన్ సాఫ్ట్‌వేర్‌ని పెన్‌డ్రైవ్‌లో వేసుకుని మెడలో తగిలించుకు తిరిగేది. ఇన్‌స్టాల్ చెయ్యక్కర్లేదు. ఏ కంప్యూటర్‌కి పెట్టినా ఆమె సెట్టింగులతోనే తెరుచుకునేది, తీసేస్తే ఆనవాలు మిగిలేది కాదు.

"కాపురమంతా మెడలో మోసుకు తిరుగుతావేమే?" అని తనే ఎగతాళి చేసేవాడు.

"ఇది నా మాట వింటుంది అన్నయ్యా. నువ్వే వినవు," అనేది.

ఆమె పోయి మూడు నెలలు. మరమ్మతుకు వచ్చిన పాత సీరియల్ ఫైళ్లు కొత్త సాఫ్ట్‌వేర్‌లో తెరిస్తే పాత్రల నోళ్లు మాయమవుతున్నాయి. అందుకే ఇవాళ ఆ పెన్‌డ్రైవ్ ఆఫీసుకు తెచ్చాడు.

"గురూ, కానీ త్వరగా," అన్నాడు పక్క సీటు బొంగరం. కూర్చున్న కుర్చీని ఒక్క నిమిషం కుదురుగా ఉండనివ్వడని ఆ పేరు. "నాకో కాపీ పడెయ్. ఆ సాఫ్ట్‌వేర్‌లో గీత వెన్నపూసే! అందరూ అడుగుతున్నారు."

"ముందు తెరుచుకోనీవోయ్."

తెరుచుకుంది. తెల్లటి తెర మీద ఒక గీత గీశాడు. గీత కలం వెంట రాలేదు. కాస్త ఆగి, బరువేదో ఈడ్చుకొస్తున్నట్టు వెనకాల వచ్చింది.

బ్రష్ సెట్టింగులు చూశాడు. చేతి వణుకును సరిచేసే స్లైడర్ ఒకటుంటుంది. ఎంత పెంచితే గీత అంత నున్నగా, అంత ఆలస్యంగా వస్తుంది. ఇక్కడెవరూ దాన్ని పది దాటనివ్వరు. చెల్లెలిది నూరు మీద ఉంది.

సెట్టింగుల ఫైలు మీద తారీఖు రెండేళ్ల కిందటిది. ఆమె పని మానేయడానికి ఏడాది ముందుది.

నరాల జబ్బు పని మానేశాకే వచ్చిందని కదా ఇంటిల్లిపాదీ నమ్మారు. "ఖాళీగా కూర్చుంటే నరాలకి కూడా విసుగేనమ్మా" అని అమ్మను నవ్వించింది కూడా.

ఆమె పని మానేయకముందు ఆ ఏడాదిలోనే, ఏడుగురి ముందు, ఆమె గీసిన పాత్ర నడకను పెద్ద తెర మీద ఆపి తనే అన్నాడు: "ప్రాణం లేదే గీతలో. చచ్చిన చేత్తో గీశావా?" అందరూ నవ్వారు. ఆమె కూడా నవ్వింది. సీను తీసుకెళ్లి బొంగరానికిచ్చాడు. ఒక్కో గీత వచ్చేదాకా ఎంతసేపు ఆగి ఉంటుంది? ఆ నడకలో ఇరవైనాలుగు బొమ్మలు.

"ఏంటి గురూ, పనిచెయ్యట్లేదా?"

"చేస్తోంది."

"మరి కాపీ?"

ఇలాగే ఇస్తే మొదటి గీతకే బొంగరానికి అర్థమైపోతుంది. సాయంత్రానికి ఏడుగురికీ తెలుస్తుంది, ఆ రోజు తను దేన్ని చూసి నవ్వించాడో. ఆమె ప్రాణం పోయేదాకా దాచుకున్నది మనుషుల నోళ్లలో నానుతుంది. స్లైడర్ కదిపితే మటుకు, ఆనాడే ఆమె చెయ్యి వణికిందనడానికి లోకంలో ఇంకే సాక్ష్యమూ ఉండదు, తను తప్ప. అది ఆమె గుట్టు కాపాడటమా, తన ముఖం కాపాడుకోవడమా? ఎంత తవ్వుకున్నా రెంటినీ విడదీయలేకపోయాడు.

"తెస్తున్నా," అన్నాడు.

స్లైడర్ పట్టుకుని ఎడమవైపుకు లాగి, పది దగ్గర వదిలాడు.