నునుపు చేసిన తలుపు

తాపీమేస్త్రీ యోగరాసా కనగమ్మ ఇంటి గుమ్మం పక్కన మిగిలిన సందులో సిమెంటు కూరి తాపీతో చదును చేస్తున్నాడు. ఇల్లు పూర్తయింది. తలుపు ఒక్కటే రాలేదు. కనగమ్మ అక్కడ పాత చీర వేలాడదీసింది.

యుద్ధం ముగిశాక నిర్వాసితుల శిబిరం నుంచి ముందుగా ఊరు చేరినవాళ్లలో అతనొకడు. కిళినొచ్చి పక్కనున్న ఆ ఊళ్లో అప్పటికి తలుపు మిగిలిన ఇల్లు కనగమ్మది. ఆ ఇంట్లోవాళ్లంతా పోయారన్నారు. అతను తలుపు ఊడదీసుకున్నాడు. ఇంకొకరు కిటికీలు, మరొకరు పెంకులు. ఆమె తిరిగొచ్చేసరికి గోడలే మిగిలాయి. అందరూ ఆమెను పలకరించారు. ఎవరూ ఇంటికి పిలవలేదు.

తలుపు అంచున గాట్లుంటే, ఎవరైనా గుర్తుపడతారని అతను చిత్రిక పట్టాడు.

ఆ ఉదయం టీ ఇస్తూ ఆమె తన కొడుకు సెందూరన్ సంగతి ఎత్తింది. వాడు సాయుధ ఉద్యమంలో చేరి చనిపోయాడు. సైన్యం వస్తోందని తెలిసి వాడి ఫొటోలన్నీ తానే పొయ్యిలో పెట్టింది.

"ఏటా పుట్టినరోజుకి తలుపుకి ఆనించి నిలబెట్టి, తల దగ్గర గాటు పెట్టేదాన్ని. అది ఎవరింట్లో ఉన్నా ఉండనీ తమ్ముడూ. ఒక్కసారి తడిమి వచ్చేస్తా. కనబడితే చెప్పు."

అతని టీ చల్లారిపోయింది.

మధ్యాహ్నం ఇంటికెళ్లి బందులు విప్పుతుంటే భార్య పూమణి అడ్డొచ్చింది.

"మరి మన వాకిలికేం కడతావు, నీ మొహమా?"

"దాన్నీ ఎక్కడో దాచాలిగా" అన్నాడు.

తలుపును సైకిలుకు కట్టి తోసుకొచ్చాడు. నిజం చెప్పేద్దామని దారంతా అనుకున్నాడు. బిగించాక, టౌనులో పాత సామాను కొట్లో దొరికిందన్నాడు.

కనగమ్మ అరచేత్తో అంచును కింది నుంచి పైకి తడిమింది. పై బందు దగ్గర చెక్కలో ఒక ముడి ఉంది. చేయి అక్కడ ఆగింది.

"బాగా చిత్రిక పట్టారు, టౌను వాళ్లు" అంది.

అతను తాపీ కడుగుతూ తలెత్తలేదు. రేపు చెప్పొచ్చులే అనుకున్నాడు.

మర్నాడు వచ్చేసరికి తలుపు తెరిచే ఉంది. ఆమె చాప మీద గుమ్మం వైపు ఒత్తిగిలి ఉంది. "అక్కా" అని రెండుసార్లు పిలిచాడు. చేయి ముట్టుకుంటే చల్లగా తగిలింది.

తలుపు అంచున కొత్త గాట్లున్నాయి. అడుగు నుంచి ఒక్కొక్కటే పైకి వచ్చి, ఆమె భుజమెత్తు దగ్గర ఆగిపోయాయి. గడప మీద కూరగాయల కత్తి ఉంది, దాని మొనకు తలుపు చెక్క పొట్టు అంటుకొని.