సున్నా పడిన గురువారం

డిగ్రీలో ప్రాక్టికల్స్ అంటే ఆమెకు మంచినీళ్ల ప్రాయం. జవాబు పుస్తకంలోనే ఉంటుంది కదా, దానికి సరిపడేలా రీడింగులు వెనకనుంచి రాసుకొచ్చి పదికి పది కొట్టేసేది. పీహెచ్‌డీకి వచ్చాక ఆ తెలివితేటలు అక్కరకు రాలేదు. ఇక్కడ జవాబు ఏ పుస్తకంలోనూ లేదు మరి.

నాలుగేళ్లుగా ఒక నల్లటి స్ఫటికాన్ని ద్రవ హీలియంతో చల్లబరుస్తోంది. చల్లగా చేసేకొద్దీ ఒకచోట అందులో కరెంటుకు అడ్డన్నదే లేకుండా పోతుందని ఆమె నమ్మకం. పోదని పక్క బల్ల సీనియర్ తన థీసిస్‌లో అధ్యాయం మొత్తం రాసిపెట్టాడు. శుక్రవారంలోగా తేలకపోతే దీన్ని వదిలేసి వేరే పని మొదలుపెట్టమని గైడ్ మేడం చెప్పేశారు. అదే జరిగితే నాలుగేళ్ల కష్టం బూడిదలో పోసిన పన్నీరే.

గురువారం పొద్దున్నే అడ్డును కొలిచే మీటరు సున్నాకి పడింది. ఆమెకు కాళ్లు నేలమీద ఆగలేదు. కానీ నిరుడు ఇలాగే సున్నా చూసి అందరికీ స్వీట్లు పంచింది. తీరా చూస్తే స్ఫటికం మీది రెండు తీగలు ఒకదానికొకటి అంటుకుని ఉన్నాయి. తీగలు అంటుకున్నా మీటరు సున్నానే చూపిస్తుంది! ఆ పరువు నష్టం ఇంకా పూడలేదు.

ఆ ల్యాబులో ఒక కట్టుబాటు ఉంది. మంచి ఫలితం వస్తే, అది తప్పయితే బాగుండునని ఎవరికి ఉంటుందో ముందు వాళ్ల చేతికే ఇవ్వాలి. పాలకు పిల్లిని కాపలా పెట్టడం అంటే ఇదేనని గొణుక్కుంటూ వెళ్లి సీనియర్‌ని పిలిచింది.

అతను ఏ మొహమాటమూ పెట్టుకోలేదు. స్ఫటికాన్ని బయటికి తీయించి, భూతద్దం కింద తీగలన్నీ తన చేత్తో మళ్లీ అతికించాడు. చల్లబరిస్తే మళ్లీ సున్నా. కరెంటును తిప్పి పంపినా సున్నానే. వేడి చేస్తే అడ్డు తిరిగొచ్చింది, చల్లబరిస్తే సరిగ్గా అదే డిగ్రీ దగ్గర మాయమైంది. మధ్యాహ్నం భోజనం సంగతి ఇద్దరికీ గుర్తు లేదు. ఆమె చేతి గోళ్లన్నీ అయిపోయాయి.

సాయంత్రానికి అతను కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు.

"ఇంకేం చూడాలి అన్నయ్యా?" అంది ఆమె.

"చూడ్డానికేం లేదు. నాకు తెలిసిన వంకలన్నీ అయిపోయాయి."

అలమారలోంచి తన థీసిస్ లాగి, ఆ అధ్యాయం తెరిచి, అడ్డంగా గీత కొట్టి, తేదీ వేసి సంతకం పెట్టాడు. "పద, మేడంకి నేనే చెప్తాను. ఓడినోడు చెప్తే ఇంకో మాట అడగరు."

ఆమె తలుపు వేసి వచ్చేసరికే అతను మెట్లు రెండేసి ఎక్కుతూ, ఎదురొచ్చిన ప్రతివాళ్లకీ తన అధ్యాయం తప్పని చెప్పుకుంటూ పోతున్నాడు. ఎంత పరిగెత్తినా ఆమె అతన్ని అందుకోలేకపోయింది.