మేకల పాకలో పక్క

ఇంట్లో ఉన్న మందపాటి బొంత ఒక్కటే. దాన్ని చిట్టి ఆ పొద్దున కూడా నిద్రలో ఉచ్చపోసి తడిపేసింది. బయట చూస్తే మంచు, ఎండ జాడే లేదు. కాఫీ పళ్లు కోయడానికి వెళ్లే ఆడవాళ్లంతా అప్పటికే కొండెక్కేశారు. గోరుచుట్టు మీద రోకటిపోటులా ఇదొకటి. తల్లి కనకకు ఒళ్లు మండిపోయింది.

"ఏటే గుంటా, బడికెల్లే దానివి, రోజూ ఇదేటి పని? ఇకమీద మేకల కాడ తొంగో, పో!"

అనేసి, బుట్ట తగిలించుకుని వెళ్లిపోయింది. కనక నోరు అలాంటిది. అన్న మాట గుమ్మం దాటేలోపే మరిచిపోతుంది. రెండో తరగతి చదివే కూతురు మరిచిపోలేదు.

మర్నాడు తెల్లారి చూస్తే పక్కలో పిల్ల లేదు. కనక ఇల్లంతా వెతికి పెరట్లోకి పరిగెత్తింది. మేకల పాకలో గోనెసంచి కప్పుకుని, మేకపిల్లను కావలించుకుని పడుకుని ఉంది చిట్టి. గౌను తడిసింది. కాళ్లు మంచుగడ్డల్లా ఉన్నాయి.

"ఇక్కడేటి సేత్తన్నావే?"

"నువ్వే కదమ్మా తొంగోమన్నావు. ఇక్కడైతే అన్నీ తడిపేత్తాయి. నువ్వు దేన్నీ తిట్టవు."

కాలు జారితే తీసుకోగలం గానీ నోరు జారితే తీసుకోలేమని పెద్దలు ఊరికే అనలేదు. కనక పిల్లను ఎత్తుకొచ్చి, వేణ్ణీళ్లు పోసి, పొయ్యి దగ్గర కూర్చోబెట్టి, తనే ఏడ్చింది.

"నా పక్కనే తొంగో తల్లీ. తడిపినా ఏటీ అనను."

చిట్టి నమ్మలేదు. మేకపిల్ల కూడా వస్తేనే వస్తానంది. కనక సరేనంది.

"రేపు ఆవుని కూడా తోలుకొచ్చీండి," అన్నాడు మొగుడు బుధు. ఎవరూ నవ్వలేదు.

మరుసటి పొద్దున బొంత మళ్లీ తడిసింది. చిట్టి కళ్లు మూసుకునే ఉంది గానీ రెప్పలు అదురుతున్నాయి. పిల్ల సిగ్గుపడకూడదని కనక మేకపిల్ల చెవి మెల్లగా పట్టుకుని నవ్వుతూ గదమాయించింది.

"ఓసి దొంగదానా! బొంతంతా తడిపీసినావు గదే!"

చిట్టి గబుక్కున లేచి మేకపిల్లను ఒళ్లోకి లాక్కుంది.

"దాన్ని తిట్టకమ్మా. అది కాదు, నానే. దాన్ని మల్లీ పాకలోకి పొమ్మనకు. అక్కడ శానా సలి."