చదివినాకే వేలిముద్ర

ఆ రోజు ఇంట్లో నాయన, అమ్మ, రామసుబ్బమ్మవ్వ, బేతంచెర్ల నుంచి వచ్చిన పోలీసు జవాను, నేను ఉన్నాం. బయట అరుగు దగ్గర నాపరాళ్ళ గనిలో పనిచేసేవాళ్ళు పన్నెండు మంది. వాళ్ళలో ఈరప్ప ఒకడు.

ఈరప్ప పద్నాలుగేళ్ళు జైల్లో ఉండి వచ్చాడు. శిక్ష అయిపోయింది కానీ జైలు అతన్ని వదల్లేదు. రోజూ పొద్దుగూకే వేళకు మా ఇంటికి వచ్చి హాజరు పుస్తకంలో వేలిముద్ర వేయాలి. ఒక్క పూట తప్పితే మళ్ళీ పట్టుకుపోతారు. నాయన ఊరి మునసబు కాబట్టి ఆ పుస్తకం ఆయన దగ్గరే ఉంటుంది. ఈరప్ప వస్తున్నాడంటే అవ్వ ఇత్తడి చెంబులు లోపల దాచేది. సిరా దిమ్మ నేను దూరం నుంచే జరిపేదాన్ని.

ఈ హాజరు ఎత్తేయమని కర్నూలులో కొత్త సర్కారుకు అర్జీ పెడదామని ఈరప్ప అందరినీ కూడగట్టాడు. అరుగు దగ్గర కూడా వాదన తెగలేదు.

"నీ జైలుతో మాకేం పనప్పా?" అన్నాడు గనిలో పనిచేసే అయ్యన్న.

"మొన్న కూలి పెంచమని పని ఆపితిరి గదా. ఇంకోసారి ఆపండి. మీ పేర్లకూ ఇట్లాంటి పుస్తకమే తెరుస్తారు," అన్నాడు ఈరప్ప.

అర్జీ తానే రాస్తానని నాయన ముందుకొచ్చాడు. ఎందుకో ఎవరికీ అర్థం కాలేదు. రాసి, జవాను వెంట రాగా బయటికి తెచ్చాడు. అయ్యన్న బొటనవేలికి సిరా అద్దుకున్నాడు. ఈరప్ప అతని మణికట్టు పట్టుకున్నాడు.

"ఆగప్పా. రాసినోళ్ళు గాక వేరేవాళ్ళు చదవాల. నన్ను పట్టుకున్న పొద్దు స్టేషన్‌లో చదవకుండా ముద్ర వేస్తి. నేనే చంపినానని దాంట్లో ఉండాదని కోర్టులో తెలిసె. జైల్లో మేం పెట్టుకున్న కట్టుబాటు ఇది. చదివినాకే ముద్ర."

జవాను నవ్వాడు. "మునసబు గాక ఈ ఊర్లో చదివేవాడు యాడుండాడు?"

"తలుపు ఎనక పాప ఉండాది గదా," అన్నాడు ఈరప్ప.

నాయన కాగితం నా చేతికిచ్చాడు. "చదువు. నిదానంగా," అన్నాడు. రాసింది దాచి వేరేది చదవమని ఆ చూపు చెప్పిందని నాకు తెలిసింది. బడిలో లేచి చదవమంటేనే తల దించుకునేదాన్ని. అయినా ఉన్నది ఉన్నట్టు చదివాను.

"ఈరప్ప మూడు పూటలుగా హాజరుకు రాలేదు. మమ్మల్ని బెదిరించి పని ఆపిస్తున్నాడు. అతన్ని తిరిగి జైలుకు పంపమని కోరుతున్నాము."

నేను కాగితం వైపే చూస్తూ అన్నాను: "మూడు పూటలూ వచ్చినాడు. సిరా దిమ్మ నేనే ఇచ్చినా."

అయ్యన్న వేలి సిరాను అరుగు బండకేసి తుడిచాడు. జవాను ఈరప్ప జబ్బ పట్టుకున్నాడు. కూర్చున్నవాళ్ళంతా లేచి దారికి అడ్డం నిలబడ్డారు.

"పట్టుకుపో. మేమూ వస్తాం. ముందు మా అర్జీ రాయనీ," అన్నాడు అయ్యన్న.

అదే కాగితం వెనక, హాజరు ఎత్తేయమని వాళ్ళు చెప్పింది నేను రాశాను. చదివి వినిపించాను.

"ఇంకోసారి చదువు పాపా. నువ్వూ మునసబు బిడ్డవే గదా," అన్నాడు అయ్యన్న.

మళ్ళీ చదివాను. పన్నెండు ముద్రలు పడ్డాయి. కింద నా సంతకం చేశాను. కాగితం అయ్యన్న తలగుడ్డలో దోపుకున్నాడు. జవాను ఒక్కణ్ణి పట్టుకుని కదిలితే పదకొండు మంది వెంట నడిచారు.

సిరా దిమ్మ లోపల పెట్టడానికి లేచాను. నాయన గడపలో నిలబడి నా చేతుల వైపు చూశాడు. నేను బయట ఉండగానే తలుపు మూసి లోపల గడియ వేశాడు.