కిరాయి కూత

అప్పలరాజు మోకాలు విరిగిన చప్పుడు కబడ్డీ కోర్టు చుట్టూ నిలబడ్డ జనమంతా విన్నారు. తడిక పక్కన జీళ్ళు అమ్ముకుంటున్న ముసలమ్మ కూడా విని "అయ్యో నాయనా" అంది. మైకు ముందు కూర్చున్న కాశీవిశ్వనాథం మాత్రం వినలేదు. ఆయన మా ఊరి ప్రెసిడెంటు, కొబ్బరి షావుకారు. ఆ తీర్థపు జాతరలో జరుగుతున్న కబడ్డీ పోటీలు ఆయనవే, అప్పలరాజు ఒంటిమీది పసుపుపచ్చ బనియనూ ఆయనదే.

"పక్కకి లాగండ్రా వాణ్ణి. ఇసక జల్లి ఆట కానివ్వండి" అన్నాడు మైకులోనే.

చంకల కింద చేతులేసి లాగారు. విరిగిన కాలు వెనకాల ఈడ్చుకుంటూ వస్తుంటే అప్పలరాజు బనియను అంచు నోట్లో కుక్కుకుని అరిచాడు. రక్తం మీద ఇసక పడింది. ఆట సాగింది, పసుపుపచ్చ జట్టు ఫైనల్‌కి వెళ్ళింది, టపాకాయలు కాల్చారు. ఆటగాళ్ళందరినీ ట్రాక్టరు ఎక్కించారు గానీ అప్పలరాజును ఎక్కించలేదు. వాడు పడుకుంటే చోటు చాలదని డ్రైవరు చెప్పాడు. ఆ మాట ఎవరు చెప్పమన్నారో మాకు తెలుసు.

అప్పుడు ట్రాక్టరు మీంచి ఒక మనిషి దూకాడు. అప్పలరాజును వీపు మీద వేసుకుని, చీకటి పడకముందే రాజోలు రోడ్డు మీదికి నడిచి, లారీ ఆపి ఆసుపత్రికి తీసుకుపోయాడు. అతను జయప్రకాష్. మా ఊరి దళితపేటవాడు, పసుపుపచ్చ జట్టుకు కూతకు వెళ్ళే మొనగాడు.

ఈ కథ చదువుతున్న విద్యార్థులారా, జయప్రకాష్ పేరు మీకు ఏ పేపర్లోనూ దొరకదు. సిఫారసు లేని పేటవాడిని ఏ పెద్ద జట్టులోకీ రానివ్వలేదు. రాయవరంలో ఎర్ర బనియను తొడిగాడు, కపిలేశ్వరపురంలో నీలం, దిండిలో ఆకుపచ్చ. ఏ ఊరి కామందు పిలిస్తే ఆ ఊరి తరఫున కూత పెట్టాడు. గీత దాటాడంటే ఎదుటివాళ్ళ చేతుల్లోంచి బొమ్మిడాయి చేపలా జారిపోయేవాడు. ఆడినన్నాళ్ళూ కామందు సావిట్లో పడక, వాళ్ళింటి మాంసం కూర, వాళ్ళు పోయించిన సారా. మోకాలో భుజమో పోయిందా, సంచీ భుజాన వేసుకుని ఇంటికి పోవడమే.

ఆట లేని రోజుల్లో ఆ తిండికి వేరే పని ఉండేది. కూలి పెంచమన్నవాళ్ళ పాకలు పీకాలి. నోరెత్తినవాణ్ణి పుంతదారిలో కాపుకాసి కొట్టాలి. కామందులు ఆటగాళ్ళను మేపేది అసలు అందుకే. కప్పు పైకి కనిపించే ముచ్చట మాత్రమే.

తొంభై ఆరు తుఫాను మా బతుకుల్ని నేలకూల్చింది. కొబ్బరి చెట్లు పడిపోయాక కాయలు దింపే దింపువాళ్ళకీ ఒలిచే వలుపువాళ్ళకీ పని లేదు. గోదావరి పాయలో మేట వేసిన లంక ఒకటి ఉంది. పేటవాళ్ళు ఎన్నో ఏళ్ళుగా అందులో కూరగాయలు పండించుకుంటున్నారు. తుఫాను తర్వాత మా కొబ్బరి కార్మికులూ వాళ్ళ పక్కన పాకలు వేసుకుని మొక్కజొన్న వేశారు. ఆ మరుసటి ఏడే కాశీవిశ్వనాథానికి లంక మీద కన్ను పడింది. రొయ్యల చెరువులు తవ్వాలట.

అప్పలరాజు కాలు విరిగిన మర్నాడు నేను కాశీవిశ్వనాథం దొడ్లో గునపం ముందు నిలబడి కాయలు ఒలుస్తున్నాను. ఆయన జయప్రకాష్‌ని పిలిపించాడు.

"రేపు పొద్దున్నే లంకలోకి దిగాలిరా. పాకలు పీకెయ్యాలి, చేను తొక్కించెయ్యాలి. ముందు నువ్వుండు. నిన్ను చూస్తే మీ పేటోళ్ళు తగ్గుతారు."

"ఆడమంటే ఆడతానండి. కొట్టలేనండి."

"ఇన్నాళ్ళూ కొట్టలేదేంట్రా?"

"కొట్టేనండి. అందుకే చెబుతున్నానండి."

కాశీవిశ్వనాథం తాంబూలం ఉమ్మేసి, "అయితే నా బనియను విప్పేసి పో" అన్నాడు.

"ఆయ్" అన్నాడు జయప్రకాష్. బనియను విప్పి కొబ్బరి డొక్కల కుప్ప మీద పెట్టి, ఉత్త ఒంటితో పెద్దవీధిలోంచి నడిచి వెళ్ళిపోయాడు. అరుగుమీద కూర్చున్న బంగారరాజు నవ్వాడు. వాడూ కిరాయి ఆటగాడే, ఏటి అవతల చేపలు పట్టేవాళ్ళ బిడ్డ, ఉడుంపట్టు మనిషి. "ఆడి చోటు నాకిచ్చెయ్యండి పెసిడెంటుగారూ, నేను చూసుకుంటాను" అన్నాడు. ఒక కూలివాడి అన్నం ఇంకో కూలివాడి కంచంలో పడేసి ఇద్దరినీ కొట్టుకోమనడం ఈ కామందులకు పుట్టుకతో వచ్చిన విద్య.

ఆ మధ్యాహ్నమే చర్చి ఆవరణలో మీటింగు పెట్టాం. పేటవాళ్ళు ఒకవైపు, మా కొబ్బరి కార్మికుల సంఘం వాళ్ళు ఒకవైపు కూర్చున్నారు. కలిసి పండించుకుంటున్నా కలిసి కూర్చోవడం ఇంకా రాలేదు మాకు. జయప్రకాష్ వచ్చి నిలబడేసరికి అతని అక్క విజయకుమారి లేచింది.

"ఎన్నూళ్ళ బనియన్లు తొడిగేవురా తమ్ముడూ! ఎంతమంది కూలోళ్ళ వీపులు పగలగొట్టేవు! ఇప్పుడు మా దగ్గర ఏ బనియను ఉందని వచ్చేవు?"

"ఏదీ వద్దక్కా. రేపు వాళ్ళెలా వస్తారో నాకు తెలుసు. అది చెప్పడానికొచ్చేను."

"వాళ్ళ కూడు తిన్న నోటితోనా?" అని ఎవరో అరిచారు.

"ఆ నోటితోనేనండి. గుంపుగా ఉంటే వాళ్ళు జంకరు. ఒక్కొక్కణ్ణే బయటికి లాగుతారు, లాగి కొడతారు. నేనూ అలాగే చేసేను. చేతులు పట్టుకుని గొలుసు కట్టాలండి. వేళ్ళలో వేళ్ళు పెట్టి పట్టుకోవాలి. ఏ ఒక్కరు వదిలేసినా గొలుసు లేనట్టే."

లేచాం, వరసగా నిలబడ్డాం. పేట వరస, మా వరస కలిసేచోట గొలుసు తెగింది. అక్కడ ఉన్నది మా దింపు కార్మికుడి భార్య రాజేశ్వరమ్మ, ఆమె పక్కన విజయకుమారి. రాజేశ్వరమ్మ చెయ్యి కొంగులోనే ఉండిపోయింది.

"చేలో నా చేతి నీళ్ళు తాగేవు కదా వదినా! ఇక్కడేం వచ్చింది?" అంది విజయకుమారి.

"అక్కడెవరూ చూళ్ళేదు కదే" అంది రాజేశ్వరమ్మ. నిజాయితీగా చెప్పినందుకు జనం నవ్వారు. ఆమెకూ నవ్వొచ్చింది. కొంగులోంచి చెయ్యి తీసి విజయకుమారి చేతిలో వేసింది. మా సంఘం ఎన్ని తీర్మానాలు చేసినా జరగని పని ఆ ఆవరణలో జరిగింది. నాకు కళ్ళు చెమర్చాయి.

మర్నాడు తెల్లవారగానే పడవలు వచ్చాయి. పసుపుపచ్చ బనియన్లు, చేతుల్లో సరుగుడు కర్రలు. కాశీవిశ్వనాథం గొడుగు కింద పడవలోనే కూర్చున్నాడు. మేం చేను ముందు గొలుసు కట్టి నిలబడ్డాం. కర్రలు పడ్డాయి. రాజేశ్వరమ్మ నుదురు పగిలింది, నా ముంజేయి వాచిపోయింది. ఎవరూ వదల్లేదు. వాళ్ళు వెనక్కి తగ్గారు.

అప్పుడు బంగారరాజు ఒంటరిగా మా మీదికి ఉరికాడు. వాణ్ణలా ఒంటరిగా చూసేసరికి మా కుర్రాళ్ళకు కోర్టు గుర్తొచ్చినట్టుంది. గొలుసు విడిచి మీద పడ్డారు. ఒకడు చీలమండ, ఒకడు నడుము, ఒకడు మెడ. చక్కని పట్టు! బంగారరాజు గింజుకున్నాడు, రొప్పాడు, ఊపిరి తెగి చప్పబడిపోయాడు. కబడ్డీలో కూత ఆగినవాణ్ణి వదిలెయ్యాలి. వాడు చచ్చినట్టు లెక్క, లేచి బయటికి పోతాడు. చిన్నప్పటి నుంచీ ఆడిన ఆట కదా, మా కుర్రాళ్ళ చేతులు వాటంతటవే వదిలేశాయి.

"వదలొద్దురా! ఇది ఆట కాదురా!" అని అరుస్తూ జయప్రకాష్ పరుగెత్తాడు.

బంగారరాజు లేచాడు, బయటికి పోలేదు. ఇసకలో పడ్డ కర్ర అందుకుని, తన మెడ పట్టిన కుర్రాడి తల మీదికి ఎత్తాడు. జయప్రకాష్ ఆ కుర్రాణ్ణి తోసేసి ఆ చోటులోకి వెళ్ళాడు. దెబ్బ కణత మీద పడింది. రెండో దెబ్బ కూడా పడింది. మొక్కజొన్న ఆకుల మీద రక్తం చిమ్మింది. ఎన్నో ఊళ్ళలో ఎన్నో పట్లలోంచి జారిపోయిన మనిషి మా కళ్ళముందు బోర్లా పడి మళ్ళీ లేవలేదు.

తర్వాత జరిగింది యుద్ధమే. మేం కర్రలు లాక్కున్నాం. పళ్ళు రాలాయి, చేతులు విరిగాయి, పసుపుపచ్చ బనియన్లు ఏట్లో దూకి పారిపోయాయి. అందరికంటే ముందు వెళ్ళిపోయింది గొడుగున్న పడవ. బంగారరాజును కట్టేసి మేమే పోలీసులకు అప్పగించాం.

సాయంత్రం స్టేషన్ ముందు రోడ్డు నిండిపోయింది. పేట మొత్తం వచ్చింది, దింపువాళ్ళు, వలుపువాళ్ళు వచ్చారు. కబురు విని రాయవరం నుంచి, దిండి నుంచి ఎర్ర, ఆకుపచ్చ బనియన్ల కిరాయి ఆటగాళ్ళు లారీ ఎక్కి వచ్చారు. అప్పలరాజును ఆసుపత్రి మంచంతో సహా మోసుకొచ్చి రోడ్డు పక్కన దించారు.

ఎస్సై మెట్లమీదికి వచ్చి విజయకుమారిని పిలిచాడు.

"చూడమ్మా, ఆటగాళ్ళ మధ్య పాత కక్ష. కొట్టినవాడు దొరికేడు, ఉరిశిక్ష పడేలా చూస్తాం. సంతకం పెట్టి, శవాన్ని తీసుకెళ్ళి మట్టి చేసుకోండి."

"కొట్టించినోడి పేరు అందులో ఉందాండి?"

"కొట్టించినోడెవడూ లేడమ్మా."

ఆ మాట పూర్తికాకముందే లాకప్పులోంచి బంగారరాజు గొంతు వినిపించింది. "ఉన్నాడండీ! పెసిడెంటుగారే తీసుకెళ్ళేరండీ! కర్రలు ఆయన దొడ్లోయేనండీ!" లోపల లాఠీల చప్పుడు మొదలైంది. వాడు కేకపెట్టాడు.

జనంలో కొందరు "కొట్టండి, చంపండి వాణ్ణి" అన్నారు. విజయకుమారి వెనక్కి తిరిగి వాళ్ళ వంక చూసింది. ఆమె చీర నిండా తమ్ముడి రక్తం. మళ్ళీ ఎస్సై వైపు తిరిగింది.

"వాణ్ణి కొట్టడం ఆపండి" అంది. "వాడు నా తమ్ముణ్ణి చంపేడు, ఆ లెక్క నాకుంది. ముందు వాడు చెప్పింది రాయండి."

"నువ్వెవరమ్మా నాకు చెప్పడానికి?"

"చచ్చినోడి అక్కనండి. రాయండి."

"రాయండి!" అన్నాడు అప్పలరాజు మంచం మీంచి. రోడ్డంతా అదే మాట అందుకుంది. ఎస్సై చెయ్యి ఊపాడు, లాఠీలు మా మీదికి దిగాయి. ఈసారి ఎవరూ చెప్పనక్కర్లేదు. వేళ్ళలో వేళ్ళు పడ్డాయి. రాజేశ్వరమ్మ నుదుటి కట్టు తడిసి రక్తం కారుతున్నా విజయకుమారి చెయ్యి వదల్లేదు. ఎర్ర బనియనుకూ ఆకుపచ్చ బనియనుకూ మధ్య నేనున్నాను. ముందు వరసవాళ్ళను ఈడ్చుకెళ్ళి వ్యాన్‌లో వేస్తుంటే వెనక వరస ముందుకు జరిగింది.

లోపల బంగారరాజు ఆగి ఆగి చెబుతున్నాడు. కొట్టేకొద్దీ గొంతు సన్నబడుతోంది, వెనక ఉన్నవాళ్ళకు వినిపించదు. అందుకని వాడు అన్న ప్రతి మాటా ముందు వరస గట్టిగా పలికింది. ముందు వరస పలికినదాన్ని వెనక వరస పలికింది. పోలీసులు రాయని వాంగ్మూలం బజారంతా విన్నది. ఎవరు పిలిచారో, ఎవరి సారా తాగారో, ఎవరి పడవ ఎక్కారో అంతా విన్నది.

ఆఖరికి బంగారరాజు ఆ మనిషి పేరు చెప్పాడు. ఉత్త కాశీవిశ్వనాథం అన్నాడు. మేం అందరం ఆ పేరు పలికాం. చివర 'గారు' లేకుండా ఆ పేరు మా ఊరి జనం నోట రావడం అదే మొదటిసారి.